ఒకే తారీఖు, ఎన్ని కథలో!

తెలుగువాళ్ల వంటింట్లో క్యాలెండరు లేని గోడ ఉండదు. పాలవాడు రాని రోజు సున్నా, గ్యాసుబండ వచ్చిన రోజు గీత, పనిమనిషి నాగా పెట్టిన రోజు ఇంటూ గుర్తు. పెళ్లిపిలుపు వస్తే ఆ గడిలోనే సన్నటి అక్షరాలతో ముహూర్తం. ఫోనులో క్యాలెండరు ఉండగా ఈ గోడమీది దస్తరం ఎందుకమ్మా అని మా పిల్లలు వెక్కిరిస్తారు. ఉంటే ఉండనివ్వండి! వర్జ్యం చూసుకోవడానికీ, ఇస్త్రీ బట్టల పద్దు రాసుకోవడానికీ దీనికి సాటి వచ్చేది ఇంకా పుట్టలేదు.

ఆ గడుల్లో పెద్ద అంకె తారీఖు. దాని కింద చీమల్లాంటి అక్షరాలతో తిథి. ఇల్లాలికి రెండూ కావాలి. పిల్లల పుట్టినరోజులు తారీఖు ప్రకారం చేస్తాం. బళ్లో రాయించిందీ అదే, కేకు కోసేదీ ఆ రోజే. పెద్దల తద్దినాలు మాత్రం తిథి ప్రకారం పెడతాం. మామగారు ఏ తారీఖున పోయారని అడిగితే మా అత్తగారు తడుముకునేవారు గానీ, తిథి అడిగితే మాసం, పక్షంతో సహా నిద్రలో లేపినా చెప్పేవారు. పుట్టుక తారీఖుకీ, పోక తిథికీ పంచి ఇచ్చేశాం. ఈ సంగతి కాస్త గుర్తు పెట్టుకోండి, దీనితో తర్వాత పని ఉంది.

'చరిత్రలో ఈ రోజు' అని పత్రికల్లో ఓ మూల వేస్తుంటారు చూడండీ, ఫలానా రాజు పట్టాభిషేకం, ఫలానా యంత్రం కనిపెట్టడం, ఫలానా నటి పుట్టడం అని. ఒకదానికీ ఇంకోదానికీ పొంతన ఉండదు. సత్రం అరుగుమీద కూర్చున్న బాటసారుల్లా ఉంటాయి. నాకు మాత్రం ఆ మూల చదవందే కాఫీ దిగదు. అలా చదివీ చదివీ ఒక్క గడి దగ్గర ఆగిపోయాను. అది నవంబరు 1. మన కృష్ణా డెల్టా ఆడవాళ్లం అందరం ఓసారి ఆగవలసిన గడి అది.

నవంబరు 1 అనగానే ఎవరైనా చెప్పేది ఆంధ్రప్రదేశ్ అవతరణ. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. దానికి తెలంగాణ ప్రాంతం కలిసి 1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశ్ అయింది. హైదరాబాదులో జవహర్‌లాల్ నెహ్రూగారు ప్రారంభం చేశారు. నీలం సంజీవరెడ్డిగారు మొదటి ముఖ్యమంత్రి. ఆ రోజు గురువారం, దీపావళికి ముందురోజు. టపాకాయలు ఎలాగూ ఇళ్లల్లో సిద్ధంగా ఉండే రోజన్నమాట! అదే రోజున కేరళ పుట్టింది. మైసూరు రాష్ట్రం కొత్త రూపు దిద్దుకుని, 1973లో సరిగ్గా ఇదే తారీఖున కర్ణాటక అని పేరు మార్చుకుంది. ఇన్ని పురుళ్లు ఒకే రోజున ఎలా పడ్డాయంటే, అన్నింటికీ మంత్రసాని ఒక్కటే కనుక. రాష్ట్రాల పునర్విభజన చట్టం ఆ తారీఖు నుంచి అమలులోకి వచ్చింది. ఇందులో వింతేమీ లేదు.

2014 జూన్ 2న తెలంగాణ వేరే రాష్ట్రమయ్యాక మన దగ్గర కొన్నేళ్లు ఈ పండుగ ఆగింది. 2019లో మళ్లీ నవంబరు 1న జరిపారు. ఒక రాష్ట్రం పుట్టినరోజు ఏదో తేల్చుకోవడానికే ఇంత అవస్థ పడ్డామంటే తారీఖుతో మనకున్న అనుబంధం ఎంతటిదో చూడండి.

ఆ గడిలోనే ఇంకా ఎవరెవరున్నారంటే, దేవులపల్లి కృష్ణశాస్త్రిగారు ఉన్నారు. 1897 నవంబరు 1న పిఠాపురం దగ్గరి పల్లెలో పుట్టారు. 'మల్లీశ్వరి' పాటలు ఇష్టపడని ఆడవాళ్లు ఎవరండీ మనలో? యానాం ఉంది. 1954 నవంబరు 1న పాండిచ్చేరితోపాటు ఆ గోదావరి ఒడ్డు ఊరి పాలన కూడా ఫ్రెంచివారి చేతిలోంచి మన దేశం చేతికి వచ్చింది. 1966 కూడా ఉంది. విశాఖకు ఉక్కు ఫ్యాక్టరీ కావాలని తమనంపల్లి అమృతరావుగారు నిరాహారదీక్ష చేస్తున్న రోజులు. రాష్ట్రమంతా అట్టుడికింది, మన బెజవాడ వీధులతో సహా. నవంబరు 1న విశాఖపట్నంలో పోలీసు కాల్పులు జరిగి తొమ్మిదిమంది చనిపోయారు. అదే రోజు ఉత్తరాదిన హర్యానా రాష్ట్రం పుట్టి, అక్కడ మిఠాయిలు పంచుకుంటున్నారు. ఒకే తారీఖు ఒక ఊరికి ఉగాదీ, ఇంకో ఊరికి మైలా!

ఇక మన బందరు దగ్గరికి వద్దాం.

బందరు అంటే మనకి లడ్డూ, పక్కనే పెడన కలంకారీ. కానీ ఒకప్పుడు ఆ పేరు చెబితే విదేశాల్లో కూడా తెలిసేది. 'బందరు' అంటేనే రేవు. ఈస్టిండియా కంపెనీవాళ్ల 'గ్లోబ్' అనే ఓడ 1611లో మన మచిలీపట్నం వచ్చింది. తూర్పు కోస్తాలో ఇంగ్లీషువాళ్ల వర్తకం వేళ్లూనుకున్నది ఇక్కడే. డచ్చివారూ, ఫ్రెంచివారూ కూడా మన నూలు బట్టల కోసం ఈ రేవు చుట్టూ తిరిగారు. గుడ్డలు కొనడానికి వచ్చినవాళ్లు మెల్లగా గద్దె ఎక్కి కూర్చోవడం మనకు తెలిసిన కథే. ఆ కంపెనీ ఏలుబడి ముగిసిందని విక్టోరియా రాణి ప్రకటన దేశమంతా చదివించిన రోజు ఏదనుకున్నారు? 1858 నవంబరు 1! అలహాబాదులో కానింగు ప్రభువు స్వయంగా చదివాడు. ఇకమీదట మిమ్మల్ని రాణిగారే చల్లగా చూసుకుంటారని దాని సారాంశం.

సరిగ్గా ఆరేళ్లు తిరిగాయి. 1864 నవంబరు 1, మంగళవారం. ఆ రాత్రి సముద్రం బందరు మీదికి వచ్చింది.

బంగాళాఖాతంలో పుట్టిన తుఫాను తీరం దాటుతూ ఉప్పెనను వెంటబెట్టుకొచ్చింది. మామూలు పోటు మట్టం కంటే సుమారు 13 అడుగుల ఎత్తున నీళ్లు లేచాయని ఆనాటి రికార్డులు. కొన్ని చోట్ల అది 17 మైళ్ల లోపలి దాకా చొచ్చుకుపోయింది. పదమూడు అడుగులంటే ఎంతో తెలుసా? మన ఇళ్లల్లో నేల నుంచి కప్పు దాకా పది అడుగులు. ఆ పైన ఇంకో మూడు. అప్పటి బందరులో, చుట్టుపక్కల పల్లెల్లో మేడలు ఎన్ని? తాటాకిళ్లు, మట్టిగోడలు. చీకట్లో ఎక్కడికని పరిగెడతారు? ముప్ఫైవేలమంది పోయారు.

ఈ అంకె రాసేటప్పుడు నా చేయి ఆగింది. ముప్ఫైవేలు అంటే ఏదో లెక్క కాదు కదండీ, ఒక్క రాత్రిలో ఎన్ని పొయ్యిలు ఆరిపోయాయో! పైగా ఆ ఏళ్లు డెల్టా ఇప్పుడిప్పుడే కళ్లు తెరుస్తున్న కాలం. 1832-33లో నందన కరువు మన ప్రాంతాన్ని ఊడ్చిపెట్టేసింది. ఆ తర్వాతే కాటన్ దొర పట్టుదలమీద బెజవాడలో కృష్ణకు ఆనకట్ట కట్టారు. అది పూర్తయింది 1855లో. కాలువల్లో నీళ్లు పారి, మాగాణి పండి, నాలుగు గింజలు గాదెలోకి రావడం మొదలై తొమ్మిదేళ్లు. కరువు నుంచి నీళ్లు కాపాడాయి అనుకుంటుండగా, అవతలి వైపునుంచి వేరే నీళ్లు వచ్చాయి. ఉప్పెన వెళ్లిపోయాక మిగిలేది ఉప్పు. ఉప్పునీరు నిలిచిన చేనును మళ్లీ పంటకు తేవడానికి ఏళ్లు పడుతుంది. బావిలోకి ఉప్పునీరు దిగిందంటే తాగే నీళ్లకు బిందె పట్టుకుని నడిచేది ఎవరో వేరే చెప్పాలా?

ఆ సంవత్సరం బంగాళాఖాతానికి కడుపు నిండలేదు కాబోలు. సరిగ్గా ఇరవై ఏడు రోజుల ముందు, అక్టోబరు 5న, కలకత్తా మీద ఇలాంటిదే విరుచుకుపడింది. అక్కడ అరవైవేలమంది దాకా చనిపోయారంటారు. కలకత్తా అప్పుడు రాజధాని. ఆ దెబ్బకు ప్రభుత్వం ఉలిక్కిపడింది. ఆ తుఫానూ, దాని తర్వాతి కరువులూ కలిసి 1875లో భారత వాతావరణ శాఖ ఏర్పాటుకు కారణమయ్యాయి. ఆ శాఖ పుట్టుక కథలో కలకత్తా పేరు ఎప్పుడూ చెబుతారు. బందరు పేరు చెప్పరు. ఊరు చిన్నదైతే దుఃఖం కూడా చిన్నదైపోతుంది కాబోలు!

ఇదంతా నేను ఉత్సాహంగా చెబుతుంటే మావారు పేపరు మడిచి, "అయితే నవంబరు ఒకటో తారీఖు మంచిది కాదంటావా?" అన్నారు. అదుగో, అదే వద్దన్నాను. ఒక తారీఖున రెండు మూడు సంగతులు జరిగాయంటే దాంట్లో మహత్తు ఏమీ లేదు. లెక్కల మాస్టర్లు ఒక చమత్కారం చెబుతారు. మీ ఇంటి పేరంటానికి ఇరవై ముగ్గురు ముత్తైదువలు వచ్చారనుకోండి. అందులో ఏ ఇద్దరి పుట్టినరోజో ఒకటే అయ్యే అవకాశం సగానికి సగం పైనే ఉంటుందిట! ఏడాదికి 365 రోజులు, పేరంటాళ్లు 23 మంది, అయినా అంతే. నమ్మకం లేకపోతే ఈసారి పసుపు, కుంకుమ ఇచ్చేటప్పుడు అడిగి చూడండి. ఇరవై ముగ్గురికే ఇలాగైతే వేల ఏళ్ల చరిత్రకు చెప్పాలా? ఏ గడి తెరిచినా ఒక రాజు, ఒక రణం, ఒక రచయిత ఉండనే ఉంటారు. రాణిగారి ప్రకటనకూ మన ఉప్పెనకూ చుట్టరికం ఏమీ లేదు.

అంతెందుకు, 1755 నవంబరు 1న పోర్చుగల్‌లో లిస్బన్ నగరం భూకంపంతో కూలిపోయింది. ఆ రోజు వాళ్లకి సకల పునీతుల పండుగ. జనమంతా చర్చీల్లో ఉన్నారు, దీపాలు వెలుగుతున్నాయి. భూమి కదిలి గోడలు పడ్డాయి, ఆ దీపాల నుంచే ఊరు అంటుకుంది. మంటలకు భయపడి రేవువైపు పరిగెత్తిన వాళ్లమీదికి సముద్రం లేచింది. పండుగనాడు, దీపాల వేళ, సముద్రం! వింటే ఒళ్లు జలదరిస్తుంది. కానీ అది భూకంపం తెచ్చిన అల, మనది తుఫాను తెచ్చిన అల. తారీఖు ఒక్కటే కలిసింది, కారణాలు వేరు.

తారీఖులో మహత్తు లేదు గానీ ఋతువులో ఉంది. అక్టోబరు, నవంబరు నెలల్లో బంగాళాఖాతం మీద తుఫానులు ఎక్కువగా పుడతాయి. మన తీరం వెంట సముద్రానికి లోతు తక్కువ, డెల్టా నేలేమో పళ్లెంలా చదును. గాలి తోసుకొచ్చిన నీరు పోవడానికి దారిలేక ఊళ్లమీదికి ఎక్కుతుంది. దీనికి తోడు అమావాస్య, పున్నమి దాటిన ఒకటి రెండు రోజులకు సముద్రపు పోటు బాగా హెచ్చుగా ఉంటుందని ఏ బెస్తపల్లెలో అడిగినా చెబుతారు. 1864లో అమావాస్య అక్టోబరు 30న వచ్చింది. అంటే ఉప్పెన నాటికి సరిగ్గా ఆ పోటు రోజులే. తారీఖు చెప్పని సంగతి తిథి చెప్పింది!

దివిసీమ సంగతి చూడండి. 1977 నవంబరు 19, శనివారం. అదీ కార్తీక మాసమే. ఆ రోజు ఢిల్లీలో ఇందిరాగాంధీగారికి సరిగ్గా అరవై ఏళ్లు నిండిన పుట్టినరోజు. ఇక్కడ నాగాయలంక, కోడూరు, సొర్లగొంది, హంసలదీవి వైపు పల్లెలకు పల్లెలు ఉప్పెనలో కొట్టుకుపోయాయి. పదివేలమంది అని ప్రభుత్వ లెక్క. అంతకంటే చాలా ఎక్కువని అక్కడి వాళ్ల మాట. రామారావుగారూ, నాగేశ్వరరావుగారూ జోలె పట్టి ఊరూరా తిరిగి విరాళాలు పోగుచేశారు. మనలో చాలామందిమి పాత చీరలు, గిన్నెలు మూటకట్టి ఇచ్చినవాళ్లమే.

ఆ దివిసీమలో ఇప్పటికీ ఏటా నవంబరు 19న పోయినవారిని తలచుకుంటారు. పువ్వులు పెడతారు, పత్రికల్లో రాస్తారు. అందుకు నిలువెత్తు సాక్ష్యం ఇంకా మన మధ్య ఉంది. తాడిచెట్టు పట్టుకుని బతికిన మనిషి, బిడ్డను చేజార్చుకున్న తల్లి, పేపర్లో పడ్డ బొమ్మ. మరి 1864కో? నవంబరు 1న బందరులో కూడా రాష్ట్ర అవతరణ జెండా ఎగరేస్తారు. ఆ ముప్ఫైవేలమందిని ఎవరు తలచుకుంటారు?

ఇప్పుడు తిథి దగ్గరికి వద్దాం, గుర్తుంచుకోమన్నాను కదా. 1864 నవంబరు 1 అంటే రక్తాక్షి నామ సంవత్సరం, కార్తీక శుద్ధ విదియ. దీపావళి వెళ్లిన మూడోనాడు. కార్తీక శుద్ధ విదియ అంటే ఏమిటో మీకు నేను చెప్పక్కర్లేదు. భగినీ హస్త భోజనం! యమద్వితీయ! యమధర్మరాజు చెల్లెలు యమునమ్మ ఇంటికి భోజనానికి వెళ్లిన రోజు. ఆ రోజు అక్కచెల్లెళ్ల చేతి అన్నం తిన్న మగవాడికి అపమృత్యువు ఉండదని కదా మన నమ్మకం. ఆ రోజు బందరులోనూ, చుట్టుపక్కల పల్లెల్లోనూ ఆ ఆచారం ఉన్న ఇళ్లల్లో అక్కలు పీటలు వేసి ఉంటారు. తమ్ముళ్లు తృప్తిగా తిని ఉంటారు. వర్షానికి తిరిగి వెళ్లలేక ఆ రాత్రి అక్కగారింటనే ఉండిపోయిన వాళ్లూ ఉండే ఉంటారు. యముడు సెలవులో ఉన్నాడనుకున్న రోజు రాత్రే ఆ పని జరిగింది.

ఒక తారీఖూ, ఒక తిథీ దాదాపు పందొమ్మిదేళ్లకు ఒకసారి మళ్లీ కలుసుకుంటాయి. కావాలంటే మీ అమ్మాయి పందొమ్మిదో పుట్టినరోజునాడు పంచాంగం చూడండి, పుట్టిన తిథి అటూ ఇటూగా అక్కడే ఉంటుంది. ఆ లెక్కన 2016లో నవంబరు 1 వచ్చింది. ఆ రోజు మంగళవారం. తిథి కార్తీక శుద్ధ విదియ. 152 ఏళ్ల తర్వాత తారీఖు, వారం, తిథి మూడూ కలిసి వచ్చి మన గుమ్మంలో నిలబడ్డాయి. ఆ రోజు మనం అన్నదమ్ములను పిలిచి భోజనాలు పెట్టుకున్నాం. ఆ వచ్చిన అతిథి ఎవరో ఎవరికీ తెలియలేదు.

తెలియకపోవడానికి కారణం మన పద్ధతిలోనే ఉంది. పోయినవారిని తిథితో తలచుకుంటాం అన్నాను. తిథి పెట్టాలంటే ఇంట్లో ఒకరైనా మిగలాలి. ఊళ్లకు ఊళ్లు పోయినప్పుడు ఎవరి తిథి ఎవరు పెడతారు? తిథి తెలియని వారందరికీ మహాలయ అమావాస్య ఉండనే ఉంది, కానీ అప్పుడైనా నీళ్లు వదిలేవాడు కావాలి కదా. పెద్దలు కరువుల్ని మాత్రం సంవత్సరం పేరుతో దాచిపెట్టారు. నందన కరువు, ధాత కరువు అని. మా అత్తగారు బందరు వైపు మనిషి. అవి రెండూ ఆవిడ నోటి వెంట వినేవాళ్లం. ఆవిడ పుట్టకముందు ఎప్పటివో అవి! 'రక్తాక్షి ఉప్పెన' అని మాత్రం ఆవిడ నోట ఒక్కసారీ వినలేదు. కరువులో కొందరైనా మిగిలి కథ చెబుతారు. ఉప్పెన కథ చెప్పేవాళ్లను కూడా తీసుకుపోతుంది.

ఇప్పుడు రోజులు మారాయి, సంతోషం. తుఫాను పుట్టగానే పేరు పెడుతున్నారు, ఎప్పుడు ఎక్కడ దాటుతుందో ముందుగానే చెబుతున్నారు. 2023 డిసెంబరులో మిచౌంగ్ బాపట్ల దగ్గర తీరం దాటినప్పుడు చేలు మునిగాయి, చేతికొచ్చిన వరి పోయింది. కానీ ప్రాణనష్టాన్ని ఆనాటితో పోల్చడానికే లేదు. ఖాళీ చేయమని దండోరా వేస్తే ఇల్లు వదలడానికి మనసు రాక, గేదెనీ, గాదెనీ చూసుకుంటూ గుమ్మంలో తచ్చాడేది ఎక్కువగా ఆడవాళ్లమే. అలాంటప్పుడు ఆ పదమూడడుగుల సంగతి ఒకరికి గుర్తుంటే, ఒక్క తల్లి అయినా పిల్లల్ని చంకనేసుకుని ముందుగా బయలుదేరుతుంది. తలచుకోవడం వల్ల పోయినవాళ్లకు ఏం ఒరుగుతుందో నాకు తెలియదు గానీ, ఉన్నవాళ్లకు ఈ లాభం ఉంది.

అందుకని నేనొక పని చేస్తున్నాను. కొత్త క్యాలెండరు రాగానే నవంబరు 1 గడిలో, అవతరణ దినోత్సవం అనే అచ్చు అక్షరాల కింద, పెన్నుతో 'బందరు' అని రాసుకుంటున్నాను. పాల లెక్కకు చోటున్న గడిలో దానికి చోటు లేకపోతుందా? తిథి ఎప్పుడు వచ్చినా సరే, భగినీ హస్త భోజనం నాడు తమ్ముడికి వడ్డించి, సాయంత్రం ఒక దీపం ఎక్కువ పెడుతున్నాను. నవంబరు 2న సమాధుల పండుగకు మన క్రైస్తవ సోదరీమణులు కొవ్వొత్తులు వెలిగిస్తారు. వాళ్లూ ఒకటి ఎక్కువ వెలిగిస్తే ఎంత బాగుంటుంది! ఆ రాత్రి నీళ్లు మతమూ, కులమూ అడిగి రాలేదు.

కార్తీకమాసం చివర అరటిదొప్పలో దీపం పెట్టి కాలువలో వదులుతాం కదా. మా వీధి ఆడవాళ్లం బందరు కాలువకు వెళ్తాం. ఆ దీపం ఊరు దాటకుండానే ఆరిపోతుంది, తెలుసు. నీళ్లు మాత్రం బందరు వైపే వెళ్తాయి.